ఇంటికొక ముఖం

పోయిన వారం హైదరాబాదు నుంచి ఒక అబ్బాయి ఫోన్ చేశాడు. మా అన్న సినిమాల మీద పరిశోధన చేస్తున్నాడట. దీనికి యూనివర్సిటీ వాళ్ళు నిజంగానే ఒప్పుకున్నారా అని నోటిదాకా వచ్చింది గానీ, ఎంతైనా తోడబుట్టినవాడు కదా అని ఆగాను.

"మేడమ్, సార్ తొలి సినిమా చివర్లో పాళెం జనం ముఖాలు ఒకదాని తర్వాత ఒకటి వస్తాయి కదా, పదకొండు నిమిషాలు. ఎవరూ మాట్లాడరు. వెనక పెళ్ళి నాదస్వరం. అందరికీ సమానమైన నిడివి. దీని వెనకున్న తాత్త్విక నేపథ్యం ఏమిటి?" అన్నాడు.

"పాళెం పెద్దల తీర్పు," అన్నాను.

ఆ అబ్బాయి పకపకా నవ్వాడు. పాతికేళ్ళు కాలేజీలో ఎకనామిక్స్ పాఠం చెబుతూ నేను వేసిన ఏ జోకుకూ ఎవరూ అలా నవ్వలేదు. జోకు కాని దానికి నవ్వు వచ్చింది.

తప్పు ఆ అబ్బాయిది కాదు. మా అన్న ఇంటర్వ్యూల్లో ఒక్కో చోట ఒక్కోటి చెబుతాడు. ఒక చోట అది 'సమూహపు ఆత్మకథ' అన్నాడు. ఇంకో చోట 'చూసేవాణ్ణి తిరిగి చూసే చూపు' అన్నాడు. నాకు అర్థం కాలేదు. ఆయనకు అర్థమైందని కూడా నాకు నమ్మకం లేదు. ఆయన నటుడు, దర్శకుడు, రచయిత, నిర్మాత. ఈ నాలుగు ఉద్యోగాలూ ఎవరూ ఇవ్వకపోతే తనే తీసుకున్నాడు. పెద్ద సినిమాల్లో రెండు సీన్లలో కనపడి మూడో సీనులో చనిపోతాడు. అలా నాలుగైదు సార్లు చనిపోయాక ఒక సొంత సినిమా తీస్తాడు. దాన్ని నలభై కుర్చీల హాల్లో వేస్తే ముప్పై మంది వస్తారు. దాన్ని స్వతంత్ర సినిమా అంటారట. ఆ స్వతంత్రం మొదట్లో ఎలా ఉండేదో దగ్గరుండి చూసినదాన్ని కాబట్టి, ఇంకెవరైనా ఫోన్ చేసేలోపు రాసి పెడుతున్నాను.

నేను ఇంటర్ పరీక్షలు రాసి ఇంటికి వచ్చిన వేసవి అది. ఇందుకూరుపేట దాటి, సరుగుడు తోపుల వెనక మా పాళెం. అరవై మూడు ఇళ్ళు. అన్నంలో ఇసుక తగలకపోతే ఆ రోజు వంట మా అమ్మ చేయలేదని అర్థం. ఏటా ఎండాకాలంలో, చేపలు గుడ్లు పెట్టే సమయమని, ప్రభుత్వం వేట ఆపేస్తుంది. అప్పట్లో అది నెలన్నర. బోట్లన్నీ ఒడ్డెక్కి బోర్లా పడుకునేవి. గాలిలో కొత్త రంగు వాసన, డీజిలు వాసన, ఎండేసిన నెత్తళ్ళ వాసన. ఎదురుగా అంత సముద్రం పెట్టుకుని, మేము ఆ నెలన్నరా ఎండుచేపలు తినేవాళ్ళం. పుల్లమామిడికాయ ముక్కలు వేసి అమ్మ పెట్టే ఆ ఎండు నెత్తళ్ళ పులుసు మొదటి వారం అమృతం. మూడో వారానికి పాత పరిచయస్తుడు. అయిదో వారానికి ఎవరూ దాని వైపు చూసేవాళ్ళు కాదు.

వేట లేకపోతే మగవాళ్ళు ఇళ్ళలో ఉంటారు. ఉండి, పులుసులో ఉప్పు గురించి, చీపురు పట్టే విధానం గురించి సలహాలు ఇస్తారు. మా పాళెం ఆడవాళ్ళు మళ్ళీ వేట మొదలయ్యే రోజు కోసం గంగమ్మకు మొక్కుకునేది చేపల కోసం కాదని నాకు అప్పుడే తెలిసింది.

అన్నకు అప్పుడు ఇరవై రెండు. నాయన బోటులో వేటకు పోయేవాడు. అంతకు ముందు ఏడాది ఎవరో చెబితే నెల్లూరులో రైలెక్కి చెన్నై పోయి, ఒక సినిమాలో వేషం వేసి వచ్చాడు. శవం వేషం. సినిమా వచ్చినప్పుడు ఇంటిల్లిపాదీ నెల్లూరు పోయి చూశాం. శవం మీద తల దాకా గుడ్డ కప్పి ఉంది. పాదాలు మాత్రం బయట ఉన్నాయి. అమ్మ ఆ పాదాలు గుర్తుపట్టి, హాలంతా వినపడేలా "నా బిడ్డ కాళ్ళే!" అని ఏడ్చింది. సినిమాలో ఆ శవం కోసం ఏడ్చిన వాళ్ళ కంటే మా అమ్మే బాగా ఏడ్చిందని పక్క సీటాయన మెచ్చుకున్నాడు. అన్న మాత్రం తిరుగు బస్సు దిగేటప్పుడు అన్నాడు: "ఈసారి ముఖం కనపడాల. సొంతంగా తీస్తా."

నాయన మీద ఎవరైనా అరవడం గానీ, నాయన అరవడం గానీ మా ఇంట్లో లేదు. ఆయన మాట ఒకసారే చెప్పేవాడు. వేట ఆగిన రోజు అన్నం ముందు కూర్చుని చెప్పాడు.

"మళ్ళా వేట మొదలయ్యే నాడు తెల్లారుజామున నా బోటులో ఒక చెయ్యి కావాల. ఆ లోపల నీ సినిమా అయిపోయి, నలుగురూ కూర్చోని చూసినారంటే, ఆ చెయ్యి నీది కానక్కర్లే. వేరేవాణ్ణి చూసుకుంటా, నువ్వు యాడికన్నా పో. కాలేదనుకో, ఇంక ఈ ఇంట్లో సినిమా ఊసెత్తబాక."

"సరే నాయనా," అన్నాడు అన్న. అంత వెంటనే ఒప్పుకున్నాడంటే లెక్క చూసుకోలేదని అర్థం.

లెక్క ఏమిటంటే, పాళెంలో అందరికీ తీరిక ఉండేది ఆ నెలన్నరే. నటులకు కొదవ లేదు. కానీ ఆ నెలన్నరే పెళ్ళిళ్ళ కాలం. చుట్టుపక్కల కెమెరా ఉన్నది ఇందుకూరుపేటలో పెళ్ళిళ్ళ వీడియో తీసే ఆయన దగ్గర ఒక్కటే. మేమంతా వీడియో అన్న అనేవాళ్ళం. పెళ్ళిళ్ళలో అన్న లైటు పట్టుకోవాలి, అందుకు బదులు ముహూర్తం లేని రోజుల్లో వీడియో అన్న కెమెరా తేవాలి. ఇదీ ఒప్పందం. అంటే మంచి రోజులన్నీ పెళ్ళిళ్ళకు, అష్టమి, నవమి, మంగళవారం, అమావాస్య మా సినిమాకు. పంచాంగం చూసి, పనికిరాని రోజులు ఏరి షూటింగు పెట్టుకున్న దర్శకుడు లోకంలో ఇంకొకడు ఉంటాడని నేననుకోను.

అమ్మకు కడుపు రగిలిపోయేది. "అమావాస్య నాడు గోళ్ళు కూడా తీసుకోరే! వీడు ఆ రోజే చచ్చిపోతా ఉండాడు!" అని వంటింట్లోంచి అరిచేది. నిజమే, హీరో చనిపోయే సీను అమావాస్య నాడే పడింది. హీరో రెండు సార్లు చనిపోయాడు, మొదటిసారి మధ్యలో కుక్క వచ్చి ముఖం నాకింది.

చెడ్డరోజున ముఖానికి రంగు వేసుకోవడానికి పాళెంలో ఏ ఆడపిల్లా రాలేదు. నన్ను అడిగితే, కాలేజీ మానేస్తానని బెదిరించాను. అందుకని ఆ సినిమాలో హీరోయిన్ ఎప్పుడు చూసినా అప్పుడే ఇంట్లోంచి వెళ్ళిపోయి ఉంటుంది. ఊగుతున్న తలుపు కనిపిస్తుంది, అంతే. దాన్ని కూడా ఎవరో 'లేనితనపు ఉనికి' అని రాశారు.

నాకు అప్పగించిన పని పలక మీద డైలాగులు రాసి, కెమెరా పక్కన ఎత్తి పట్టుకోవడం. విలన్ వేషం రొయ్యల గుంటల కాపలా మామది. పలక మీద ఏముంటే అది చదివేసేవాడు. ఒకరోజు ఎండుచేపల మీద విసుగెత్తి, 'నీ వల నాకు రాసిచ్చెయ్, లేదంటే నీ అంతు చూస్తా' అని రాయాల్సిన చోట, 'నీ వల నాకు రాసిచ్చెయ్, నీకు రెండు పచ్చి వంజరం ముక్కలు పెట్టిస్తా' అని రాశాను. మామ కళ్ళు ఎర్రజేసి, మీసం మెలేసి, అదే చదివాడు. అన్న జుట్టు పీక్కున్నాడు. మళ్ళీ తీద్దామంటే ఆ సాయంత్రానికే శుభముహూర్తం వచ్చేసింది, వీడియో అన్న కెమెరా సర్దుకుని వెళ్ళిపోయాడు. ఆ వంజరం ముక్కలు ఇప్పటికీ సినిమాలో ఉన్నాయి.

అలా నెల గడిచింది. మిగిలింది పతాక సన్నివేశం. ఊరంతా కలిసి అలివి వల లాగాలి, అందరి ముందూ హీరో. ఆ తర్వాత వచ్చే హీరో చావు అప్పటికే తీసేశాం. అలివి వల అంటే పెద్దది. ఒక కొస ఒడ్డున ఉంచి, తెప్ప మీద సముద్రంలోకి తీసుకుపోయి, చుట్టూ తిప్పి రెండో కొస ఒడ్డుకు తెస్తారు. రెండు వైపులా జనం తాళ్ళు పట్టి లాగుతారు. ఇంజను లేదు కాబట్టి నిషేధం రోజుల్లోనూ అడ్డు లేదు. తాడు మీద చెయ్యి వేసిన ప్రతి ఇంటికీ పడిన చేపల్లో ఒక పాలు. ఎక్కువా లేదు, తక్కువా లేదు.

ఆ నవమి నాడు ఇంటికొకరు వచ్చి లాగారు. నాయన కూడా వచ్చాడు. సినిమాకు సాయం చేస్తున్నావా అని ఎవరో ఎత్తిపొడిస్తే, "వల నీళ్ళలో పడినాక సినిమా ఏంది, గినిమా ఏంది, లాగండబ్బా," అన్నాడు. కానాగంతలు బాగానే పడ్డాయి. ఎప్పటిలాగే ఇసుక మీద కుప్పలు పోసి పంచుకున్నారు. ఆ సాయంత్రం పాళెమంతా పచ్చి చేపల పులుసు వాసన. అందరం సంతోషంగా ఉన్నాం. మూడు రోజులు ఉన్నాం.

నాలుగో రోజు వీడియో అన్న ఆ టేపు పెద్దకాపు ఇంట్లో టీవీ మీద వేసి చూపించాడు. కాపులంటే మా పాళెం పెద్దలు, వాళ్ళందరికీ పెద్ద ఈ పెద్దకాపు. బక్కపలచగా, పళ్ళు ఊడిపోయి, గాలి వేస్తే ఎగిరిపోయేలా ఉండేవాడు. ఆయన ఒక మాట అంటే పాళెంలో దానికి తిరుగు లేదు.

టీవీలో ఏం కనిపించిందంటే, వల లాగేవాళ్ళు సముద్రం వైపు తిరిగి లాగుతారు కదా, కెమెరా ఒడ్డున ఉంది, అందుకని అరవై మూడు వీపులు కనిపించాయి. ఒక్క ముఖం కనిపించింది. అది మా అన్నది.

మర్నాడు పొద్దున వలలు కుట్టే షెడ్డులో పంచాయితీ.

"అబ్బయా, వల లాగినది ఎవురు?" అన్నాడు పెద్దకాపు, నెమ్మదిగా.

"అందరం పెద్దనాయనా."

"మరి బొమ్మలో నువ్వొక్కడివే ఉండావే?"

"నేను హీరో గదా పెద్దనాయనా."

"అంటే?"

ఇంతకాలం సినిమాల్లో ఉన్నా, ఆ ప్రశ్నకు మా అన్న ఇప్పటికీ జవాబు కనిపెట్టలేదు.

"సముద్రానికి వీపు చూపించి వల లాగేవాణ్ణి నేను ఇదే చూడటం," అన్నారు వెనకనుంచి ఎవరో.

"కెమెరా ఇటు పక్క ఉండె గదా మామా!"

"చేపలు అటు పక్క ఉండె గదరా!"

షెడ్డు షెడ్డంతా నవ్వింది. పెద్దకాపు నవ్వలేదు. "చేపలు పంచుకున్నాం. బొమ్మ మాత్రం నువ్వొక్కడివే ఎట్ట తీసుకుంటావు? తాడు మీద చెయ్యి పడినాక పాలు ఉండాల్సిందే. ఇంటికొక ముఖం. అందరికీ ఒకటే కొలత. పది లెక్కపెట్టేంత సేపు. అట్టయితేనే ఆ వల బొమ్మ వాడుకో. లేదంటే తీసెయ్."

వల బొమ్మ తీసేస్తే సినిమాకు ముగింపు లేదు. ముగింపు లేకపోతే నాయన పెట్టిన గడువుకు సినిమా లేదు. అన్న ముఖం చూస్తే కప్పిన గుడ్డ మళ్ళీ కనిపించింది నాకు.

"సరే పెద్దనాయనా. మా ఇంటికి నా ముఖం ఎట్టాగూ ఉండాది," అన్నాడు, మిగిలింది కాపాడుకుందామని.

"నీదెట్టయితది?" అన్నాడు పెద్దకాపు. "నువ్వు లాగలే. తాడు పట్టుకోని నటించినావు. మీ ఇంటి నుంచి లాగినది మీ నాయన."

మా అన్న నటనను అంత కచ్చితంగా అంచనా వేసిన విమర్శకుడు ఆ తర్వాత మళ్ళీ పుట్టలేదు.

అంతలో ఎండుచేపల అవ్వ లేచింది. మొగుడు పోయి ఇరవై ఏళ్ళు, గంప నెత్తిన పెట్టుకుని ఊళ్ళు తిరిగి ఎండుచేపలు అమ్మేది. ఆ రోజు వలకు ఆమె కూడా తాడు పట్టింది.

"నా సంగతేంది సామీ?"

"మగదిక్కు లేని ఇంటికి అరపాలు గదా అవ్వా. ఆనవాయితీ," అన్నాడు ఒక కాపు.

"అరపాలు అంటే ఏ సగం చూపిస్తారు నాయనా? ఎడమదా, కుడిదా? కుడి కంటికి పొర కమ్మింది, ఎడమదే కానీండి. లేకుంటే పైసగమా? కిందిసగం చూపిస్తే మాత్రం ఊరుకోను, నోట్లో పళ్ళు లేవు."

పెద్దకాపు తన పళ్ళు లేని నోరు మూసుకుని కొంచెం ఆలోచించాడు. "అవ్వకు నిండు ముఖం," అన్నాడు. మా పాళెంలో ఆ ఆనవాయితీ మొదటిసారి తెగింది అప్పుడే. తర్వాత చేపల్లోనూ ఆమె నిండు పాలే అడిగి తీసుకుంది.

లెక్కపెట్టే పని నాకు పడింది. చదువుకున్న పిల్ల, ఒకరి పక్షం వహించదు అన్నారు. పది వరకు లెక్కపెట్టడానికి ఇంటర్ చదువు ఎందుకో నాకు తెలియలేదు గానీ, ముఖాలు తీసిన ఆ రెండు రోజుల్లో తెలిసింది.

అవి రెండూ ఎందుకూ పనికిరాని రోజులు. అయినా పాళెమంతా తలంటుకుని, పౌడరు దట్టంగా పూసుకుని, ఇస్త్రీ చొక్కాలతో వచ్చి వరసలో నిలబడింది. ఒకాయన నల్ల కళ్ళద్దాలతో వచ్చాడు, తీయమంటే ముఖం పాలు ఇస్తామన్నారు గానీ ముఖం మీద ఏముండాలో మీరెవరు అన్నాడు. వేరు పడని అన్నదమ్ములు ఇద్దరు ఆ పొద్దున్నే హడావుడిగా రెండో పొయ్యి వెలిగించి, ఇల్లు వేరైంది కాబట్టి ముఖాలు రెండు అన్నారు. అది చూసి ఇంకో ఇల్లు కూడా వేరు పడింది. అరవై మూడు అరవై అయిదయ్యాయి. వీడియో అన్నకు పెళ్ళిళ్ళ అలవాటు పోదు కదా, ప్రతి ఒక్కరికీ "కొంచెం నవ్వండి, అక్షింతలు వేసినట్టు చేతులు పెట్టండి," అని చెప్పడం, అన్న "నవ్వబాకండి" అని అరవడం. దానివల్ల చాలామంది నవ్వాలో వద్దో తెలియక చూసినట్టు ఉంటారు. దాన్నే ఆ పరిశోధన అబ్బాయి 'సందిగ్ధ మానవుడు' అన్నాడు.

నేను కెమెరా పక్కన నిలబడి ఒకటి, రెండు, మూడు అని పైకే లెక్కపెట్టాలి.

"మా మామకు ఎనిమిదే పెట్టినావుమే!"

"పదీ పెట్టాను అక్కా."

"ఆరూ ఏడూ కలిపేసినావు. నేను విన్యా. మళ్ళా పెట్టు."

రెండో రోజు మధ్యాహ్నానికి నా గొంతు పోయింది. అరవై నాలుగు ముఖాలు అయ్యాయి. ఒక్కటే మిగిలింది. మాది.

నాయన బోటు నీడన కూర్చుని వల బాగుచేసుకుంటున్నాడు. అన్న రెండుసార్లు పోయి పిలిచాడు. నాయన తల ఎత్తలేదు. "నాకొద్దు," అన్నాడు. ఒక ఇల్లు పాలు వద్దంటే, ఆ ఇల్లు పాళెం కంటే పైన ఉన్నట్టు. అలాంటి పంపకం చెల్లదు. పంపకం చెల్లకపోతే వల బొమ్మ లేదు. రేపటి నుంచి వరసగా ముహూర్తాలు, ఆ తర్వాత వేట. వీడియో అన్న వాచీ చూసుకుంటున్నాడు. అన్న ఇసుకలో గీతలు గీస్తున్నాడు. అంతవరకూ నాకు మా అన్న మీద ఉన్నది చిరాకే. ఆ సాయంత్రం ఆ గీతలు చూస్తే మాత్రం చిరాకుపడటానికి ఓపిక రాలేదు.

పెద్దకాపు కర్ర పోటేసుకుంటూ నాయన దగ్గరికి నడిచాడు. నేను నీళ్ళ చెంబు పట్టుకుని వెనకే పోయాను, విందామని.

"నీ పాలు తీసుకోవేంది?"

"నేను కూర్చుంటే వాడు పోతాడు మామా."

పెద్దకాపు వల అంచు పట్టుకుని చూశాడు. "కూర్చోకుంటే?"

"ఉంటాడు."

"ఉండి?"

నాయన చేతిలో వల కుట్టే కండె ఇంకో నాలుగు కళ్ళలోంచి పోయి వచ్చింది. పెద్దకాపు చెంబులో నీళ్ళు తాగి, వచ్చిన దారినే పోయాడు.

పొద్దు సరుగుడు తోపుల మీదికి దిగింది. వీడియో అన్న కెమెరాకు గుడ్డ చుట్టబోతుంటే నాయన లేచి వచ్చాడు. తలంటు లేదు, ఇస్త్రీ చొక్కా లేదు. చేతిలో కండె అలాగే ఉంది. వచ్చి, అందరూ కూర్చున్న ఆ బోర్లించిన తెప్ప మీద కూర్చున్నాడు.

"ఎంతసేపురా?"

"పది లెక్కపెట్టేంత సేపు నాయనా. ఇటు చూడు," అన్నాడు అన్న, కెమెరా వెనకనుంచి.

"చూస్తానే ఉండాను గదా," అన్నాడు నాయన.

ఆయన కెమెరాను చూడలేదు. దానికి జానెడు పైన ఉన్న అన్నను చూస్తున్నాడు. వీడియో అన్న కూడా నవ్వమని చెప్పలేదు. నేను లెక్క మొదలుపెట్టాను. ఒకటి. రెండు. మూడు దగ్గర నాయన కళ్ళ కింద ముడతలు నాకు మొదటిసారి కనిపించాయి. ఆ ముఖం రోజూ చూసేదాన్నే. నాలుగు అనడానికి నాకు చాలాసేపు పట్టింది. అయిదు అనడానికి అంతకంటే ఎక్కువ పట్టింది. అరవై నాలుగు ఇళ్ళకు నిక్కచ్చిగా లెక్కపెట్టినదాన్ని, అరవై అయిదో ఇంటికి దొంగలెక్క పెట్టాను. పది అనేసరికి వీడియో అన్న నా వైపు ఒకసారి చూసి, ఏమీ అనకుండా కెమెరా ఆపేశాడు. మా వెనక కర్ర మీద ఆనుకుని పెద్దకాపు నిలబడి ఉన్నాడని అప్పుడు చూశాను. మొదటినుంచీ వింటూనే ఉన్నాడట.

"లెక్క సరిపోయింది," అని ఇంటికి పోయాడు.

ఎడిటింగు ఇందుకూరుపేటలో, వీడియో అన్న షాపులో, రెండు వీసీఆర్ల మధ్య జరిగింది. ఆయనకు తెలిసింది పెళ్ళి ఎడిటింగు. ముఖానికీ ముఖానికీ మధ్య ఒక తామరపువ్వు ముడుచుకుని విచ్చుకుంటుంది. నా లెక్క గొంతు వినపడకుండా నాదస్వరం వేశాడు. ఆయన దగ్గర ఉన్నది ఆ ఒక్క క్యాసెట్టే. నాయన ముఖం వచ్చినప్పుడు అన్న, "ఎంత పెట్టినావు?" అని అడిగాడు. "పది," అన్నాను. అన్న టేపు వెనక్కి తిప్పి ఇంకోసారి చూశాడు. తర్వాత దాన్ని అలాగే ఉంచేయమన్నాడు.

తెల్లారితే వేట అనగా, ఆ మధ్యాహ్నం తుఫాను షెల్టరులో ఆట. కిటికీలకు టార్పాలిన్లు కట్టారు. పెద్దకాపు టీవీ, రొయ్యల గుంటల జనరేటరు. లోపల కొబ్బరినూనె వాసన, మల్లెపూల వాసన, చెమట, ఎవరో ఒడిలో తెచ్చుకున్న వేయించిన నెత్తళ్ళు. మొదటి గంటంతా హీరో ప్రేమా, విలన్ వంజరం ముక్కలూ ఎవరికీ పట్టలేదు. "మా బొమ్మ ఎప్పుడు?" అని అడుగుతూనే ఉన్నారు. హీరో చనిపోయినప్పుడు ఒక్కరూ కన్నీరు పెట్టలేదు, కుక్క ఏదని అడిగారు. అన్న గోడకు ఆనుకుని నిలబడి అదంతా భరించాడు.

తర్వాత ముఖాలు వచ్చాయి. మొదటి ముఖం రాగానే పెద్దకాపు ముందు వరసలోంచి గట్టిగా "ఒకటి" అన్నాడు. హాలంతా అందుకుంది. రెండు, మూడు, నాలుగు. ప్రతి ముఖానికీ పాళెం పాళెమంతా పది వరకు లెక్కపెట్టింది. ఎవరికీ తక్కువ రానివ్వలేదు, ఎవరికీ ఎక్కువ పోనివ్వలేదు. అవ్వ ముఖానికి ఆమె తనే అందరికంటే గట్టిగా లెక్కపెట్టుకుంది. అరవై నాలుగు అయ్యేసరికి నేను తలుపు దగ్గరికి జరిగాను.

నాయన ముఖం వచ్చింది. ఒకటి. రెండు. మూడు. వాళ్ళ లెక్క నా దొంగలెక్క కంటే ముందు పరిగెత్తుతోంది. తొమ్మిది దగ్గర పెద్దకాపు ఆగిపోయాడు. ఆయన ఆగితే అందరూ ఆగారు. నాదస్వరం మోగుతోంది. టీవీలో నాయన అలాగే చూస్తున్నాడు. చాలాసేపటికి తామరపువ్వు ముడుచుకుంది. అప్పుడు పెద్దకాపు అన్నాడు, "పది."

"పది," అన్నారు అందరూ.

జనం బయటికి పోయాక, వెనక గోడ దగ్గర కూర్చున్న నాయన లేచి అన్న దగ్గరికి వచ్చాడు.

"అంతమందిని చూపించినావు. ఆ ఆఖర్లో నువ్వు యాడా లేవేందిరా?"

"మనింటికి ఒకటే గదా నాయనా," అన్నాడు అన్న.

నాయన పైగుడ్డ దులిపి భుజాన వేసుకున్నాడు. "తెల్లారి బస్సు ఎన్నింటికి?"

"ఆరింటికి."

"బోటు అయిదున్నరకే పోతాది. తోసిపో."

ఇన్నేళ్ళ తర్వాత చూసుకుంటే, ఆ అరవై అయిదు ముఖాల్లో ఇప్పుడు పట్టుమని పది లేవు. అలివి వల వేసేవాళ్ళు లేరు. పాళెం సగం సముద్రంలోకి పోయింది, మిగతా సగం రోడ్డు పక్క కాలనీకి పోయింది. అన్న సినిమాల గురించి నాకున్న అభిప్రాయం మారలేదు. కానీ ఆ ఉదయం ఆయన నడుము లోతు నీళ్ళలో నిలబడి, అలల మీద బోటు ముక్కు పైకి లేచేదాకా తోశాడు. బోటు దాటిపోయాక గట్టెక్కి, బట్టలు మార్చుకునే టైము లేక, అలాగే పరిగెత్తి బస్సందుకున్నాడు. తడి లుంగీతో సీట్లో కూర్చోవద్దని కండక్టరు కసురుకుంటే, నెల్లూరు దాకా నిలబడే వెళ్ళాడు.